గోడౌన్ బిల్లు కోసం కోర్టు గుమ్మం దాకా: నా అనుభవం

నేను చిన్న సివిల్ కాంట్రాక్టర్‌ని. గుంటూరు చుట్టుపక్కల గోడౌన్లు, కాంపౌండ్ గోడలు, అప్పుడప్పుడు మిల్లుల ఫౌండేషన్లు చేస్తుంటాను. ఇరవై ఏళ్లలో సగం బిల్లు ఇచ్చి చేతులు దులుపుకున్నవాళ్లను చాలామందినే చూశాను, తిట్టుకుని వదిలేశాను. లాయర్ దగ్గరికి వెళ్లింది మాత్రం ఈ ఒక్క పనికే. కేసు వేద్దామనే వెళ్లాను. తీరా చూస్తే కేసు వెయ్యకుండానే తేలిపోయింది, కాకపోతే తొమ్మిది నెలలు పట్టింది. ఆ తొమ్మిది నెలల్లో ఏం చేశానో, ఎక్కడెక్కడ నాలిక కరుచుకున్నానో రాస్తున్నాను.

పని 2021 జూన్‌లో ఒప్పుకున్నాను. 60 మీటర్ల పొడవు, 30 మీటర్ల వెడల్పు గోడౌన్. పైన ఇనుప షెడ్డు వేరే కంపెనీ వాళ్లది, కింద పనంతా నాది: 48 ఫుటింగులు (స్తంభాల కింద పునాదులు), వాటిని కలిపే ప్లింత్ బీములు, గోడలు, లోపల ట్రైమిక్స్ ఫ్లోరింగ్ (కాంక్రీట్ నేల). ఐటమ్ రేట్ల మీద మొత్తం 1 కోటి 38 లక్షలు. అగ్రిమెంట్ నాలుగు పేజీలు, ఎవరిదో పాత అగ్రిమెంట్‌లో పేర్లు మార్చి టైప్ చేయించినది. నిజం చెప్పాలంటే సంతకం పెట్టేముందు రేట్ల పేజీ ఒక్కటే చదివాను.

మా వైపు నేల గురించి తెలిసినవాళ్లకు చెప్పక్కర్లేదు, అంతా నల్లరేగడి. ఎండాకాలంలో కాలు దూరేంత బీటలు పడుతుంది, వాన పడితే ఉబ్బుతుంది. దాని మీద నేరుగా ఫుటింగ్ వేస్తే రెండేళ్లలో గోడ పగులుతుంది. డ్రాయింగ్‌లో గుంత లోతు 1.8 మీటర్లు అని ఉంది. ప్రొక్లెయిన్ దించి తవ్వితే 1.8 దగ్గర ఇంకా నల్లమట్టే, గట్టి నేల 2.9 మీటర్లకు గానీ తగల్లేదు. ఓనర్‌కి ఫోన్ చేస్తే ఎత్తలేదు, వాట్సాప్‌లో ఫోటో పెట్టాను. ఆయన వాయిస్ మెసేజ్ పంపాడు: "గట్టి నేల తగిలేదాకా తియ్యండి, లెక్క తర్వాత చూసుకుందాం." అంతే, తవ్వేశాం. ఫ్లోరింగ్ కింద కూడా 60 సెంటీమీటర్ల రేగడి తీసి గ్రావెల్ నింపి రోలర్ తిప్పాం. అగ్రిమెంట్‌లో ఆ ఐటమే లేదు. పైగా 'అదనపు పనికి ముందుగా రాతపూర్వక అనుమతి ఉండాలి' అని మూడో పేజీలో ఉందట. అది నేను చూసింది 2024లో.

2022 జనవరి ఆఖరుకి పని పూర్తయింది. అప్పటిదాకా పాసైన రన్నింగ్ బిల్లులు (పని జరుగుతుండగా పెట్టేవి) 1 కోటి 28 లక్షలు, అందులో 5 శాతం రిటెన్షన్, అంటే తర్వాత ఇస్తామని ఆపుకునే సొమ్ము, పట్టుకుని మిగతాది ఇచ్చారు. ఫైనల్ బిల్లు పెట్టాను. వచ్చే నెల అన్నారు, మిర్చి సీజన్ అయ్యాక అన్నారు, ఆడిటర్ చూస్తున్నాడు అన్నారు. గోడౌన్‌లో సరుకు నిండుతోంది, ఖాళీ అవుతోంది, మళ్లీ నిండుతోంది. రోడ్డు మీద వెళ్తూ చూసినప్పుడల్లా కడుపు మండేది. మధ్యలో పెద్దమనుషుల్లో కూర్చున్నాం, వాళ్లు కాఫీ తాగి "చెరి సగం వేసుకోండి" అన్నారు. దేనిలో సగమో అడిగితే ఎవరి దగ్గరా సమాధానం లేదు. ఇంకొకాయన పోలీస్ స్టేషన్‌లో చీటింగ్ కేసు పెట్టమన్నాడు. పెట్టేవాడినే, మా ఆవిడ ఆపింది. "ముందు ఎవరైనా లాయర్ని అడగండి, ఆ తర్వాత మీ ఇష్టం" అంది.

2024 ఫిబ్రవరిలో లాయర్ గారి దగ్గరికి వెళ్లినప్పుడు నా చేతిలో ఒక్క కాగితం ఉంది, దాని మీద 43 లక్షలు అని అంకె ఉంది. ఆయన ఆ కాగితం వైపు చూడనే లేదు. అగ్రిమెంట్‌లో ఆర్బిట్రేషన్ క్లాజ్, అంటే తగాదాను కోర్టు బయట మధ్యవర్తి తేల్చాలన్న షరతు, ఉందా అని అడిగారు. నాకు తెలియదు. ఆయనే తిరగేసి చూసి, "లేదు, బతికారు. ఉండి ఉంటే మనం కోర్టుకు వెళ్లినా అవతలివాళ్లు అది చూపించి కేసును ఆర్బిట్రేషన్‌కు పంపించమని అడిగేవాళ్లు" అన్నారు. చివరి పేజీలో మాత్రం, తగాదా వస్తే ముందు 30 రోజులు సామరస్యంగా మాట్లాడుకోవాలి, కుదరకపోతే గుంటూరు కోర్టులు అని ఉంది. కాఫీ పంచాయితీకి రాతలో ఏమీ లేదు కాబట్టి అది లెక్కలోకి రాదు, మాట్లాడుకుందాం రమ్మని ఇప్పుడు ఒక లెటర్ రాయాలన్నారు.

తర్వాత తేదీలు అడిగారు. నాకు గుండె జారింది ఇక్కడే. పని చేసిన డబ్బు కోసం దావా వెయ్యడానికి లిమిటేషన్, అంటే చట్టం ఇచ్చే గడువు, మూడేళ్లు. జనవరి 2022 నుంచి లెక్కేస్తే రెండేళ్లు అప్పటికే 'వచ్చే నెల'ల్లో కరిగిపోయాయి. కోవిడ్ వల్ల 2020 మార్చి 15 నుంచి 2022 ఫిబ్రవరి 28 దాకా కాలాన్ని లెక్కలోంచి తీసెయ్యమని సుప్రీంకోర్టు చెప్పింది కాబట్టి నాకు ఒక నెల అదనంగా కలిసొస్తుంది, కానీ దాని మీద ఆశ పెట్టుకోవద్దని, 2025 జనవరి ఆఖరే గడువు అనుకుని నడవాలని చెప్పారు. అవతలివాడు 'ఇస్తాను' అని సంతకంతో రాసిస్తే ఆ రోజు నుంచి మళ్లీ మూడేళ్లు మొదలవుతాయట. నోటి మాటకు ఆ విలువ లేదు. నా దగ్గర ఉన్నవన్నీ నోటి మాటలే.

చివరికి నా కాగితం చేతిలోకి తీసుకున్నారు. ఫైనల్ బిల్లు బాకీ 9 లక్షల 80 వేలు, రిటెన్షన్ 6 లక్షల 40 వేలు, అదనపు తవ్వకం, గ్రావెల్ 14 లక్షల 17 వేలు, డ్రైన్, ర్యాంపు 3 లక్షల 60 వేలు, సిమెంటు, ఇనుము ధర పెరిగినందుకు 5 లక్షలు, లేబర్ ఖాళీగా కూర్చున్నందుకు 4 లక్షలు. "ఇందులో మీరు కాగితంతో చూపించగలిగింది ఏది? ఇంటికి వెళ్లి, అవతలి లాయర్ మీరే అయినట్టు దీన్ని కొట్టేసుకుంటూ రండి" అన్నారు. నాకు ఒళ్లు మండిపోయింది. ఫీజు తీసుకుని నా బిల్లు నన్నే కొట్టేసుకోమంటాడేంటి అనుకున్నాను. ఇప్పుడు ఆలోచిస్తే ఈ మొత్తం వ్యవహారంలో నాకు డబ్బు తెచ్చిపెట్టింది ఆ పనే.

వారం రోజులు ఇంట్లో హాలు నిండా కాగితాలు. డ్రాయింగులు మూడు రివిజన్లు, గ్రావెల్ ట్రిప్పు చీటీలు ఒక సంచి, క్యూబ్ టెస్ట్ రిపోర్టులు, లేబర్ హాజరు పుస్తకాలు. కొలతల పుస్తకం సిమెంటు మరకలతో అట్టలా తయారైంది, పేజీలు విడదీయడానికి బ్లేడు వాడాల్సి వచ్చింది. ఓనర్ తరఫు సూపర్‌వైజర్ కుర్రాడు ప్రతి గుంత లోతూ టేపుతో చూసి పక్కన పొడి సంతకం పెట్టేవాడు. 31వ గుంత దాకా సంతకాలున్నాయి. 32 నుంచి 48 దాకా కొలతలున్నాయి గానీ సంతకం లేదు, ఎందుకంటే ఆ కుర్రాడు జీతం దగ్గర గొడవపడి మానేశాడు, కొత్తవాడు రావడానికి పది రోజులు పట్టింది, మనం కాంక్రీట్ ఆపలేదు. గుంతకు అదనపు లోతు 1.1 మీటర్లు, గుంత సైజు రెండున్నర బై రెండున్నర, అంటే దాదాపు 6.9 ఘనపు మీటర్లు. తవ్వకం, నింపడం కలిపి ఘనపు మీటరుకు 1350 రూపాయలు వేస్తే పదిహేడు గుంతలకు లక్షన్నర పైనే. ఆ పదిహేడూ నేను తవ్వినవే, ఆ మట్టి ఎక్కడ పోశానో కూడా చూపించగలను. కానీ సంతకం లేదు, కొట్టేశాను.

ధరల పెరుగుదల 5 లక్షలు చూస్తే, రేట్లు పని అయ్యేదాకా మారవని అగ్రిమెంట్ మొదటి పేజీలోనే ఉంది. అదీ పోయింది. లేబర్ ఖాళీ రోజులు హాజరు పుస్తకంతో సరిపోల్చి చూస్తే ఎక్కువ భాగం నవంబర్ వానలకు ఆగిన రోజులు, వానకు ఓనర్ ఏం చేస్తాడు. అదీ కొట్టేశాను. మిగిలింది 32 లక్షల 40 వేలు. రాత్రి పదకొండింటికి ఆ అంకె చూసుకుంటే ఎవరో నా జేబులోంచి పది లక్షలు తీసుకున్నట్టే ఉంది.

వాయిస్ మెసేజ్ కథ వేరే. అది పాత ఫోన్‌లో ఉంది, డిస్‌ప్లే పగిలి రెండేళ్లుగా బీరువాలో పడుంది. రిపేర్ షాపులో 1800 ఇచ్చి కొత్త డిస్‌ప్లే వేయించాను. ఆ కుర్రాడు 'రీసెట్ చేస్తే స్పీడ్‌గా పనిచేస్తుందన్నా' అని బటన్ మీద వేలు పెట్టాడు, అక్కడే చెయ్యి పట్టుకున్నాను. మెసేజ్ ఉంది, తేదీతో సహా. కాపీని కోర్టులో పెట్టాలంటే ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి సర్టిఫికెట్ జతచెయ్యాలని, అసలు ఫోన్‌ని మాత్రం అలాగే ముట్టుకోకుండా ఉంచమని లాయర్ గారు చెప్పారు. రాతపూర్వక అనుమతి లేకపోయినా, ఒకరు ఊరికే చేసే ఉద్దేశం లేకుండా చేసిన పనిని రెండోవారు అనుభవిస్తుంటే దానికి డబ్బు కట్టాలని కాంట్రాక్ట్ చట్టం 70వ సెక్షన్ చెబుతుందట. అగ్రిమెంట్‌లో క్లాజ్ ఉండగా ఆ సెక్షన్ ఎంతవరకు నిలుస్తుందన్నది వాదన మీద ఉంటుందని కూడా అన్నారు. నేను ఉద్యం (చిన్న సంస్థల) రిజిస్ట్రేషన్ ఉంది కదా, చిన్న సంస్థల బాకీలు చూసే ఎంఎస్ఎంఈ కౌన్సిల్‌కు వెళ్దామా అంటే, నాలాంటి నిర్మాణ పనుల కాంట్రాక్టులకు ఆ చట్టం వర్తిస్తుందా లేదా అన్న దాని మీద వేరే గొడవ ఉందని వద్దన్నారు.

నోటీస్ డ్రాఫ్ట్ నేనే రాసుకెళ్లాను, అందులో మోసం, దగా, నమ్మకద్రోహం అన్నీ ఉన్నాయి. ఆయన ఎర్ర పెన్నుతో అవన్నీ కొట్టేసి తేదీలు, కొలతలు, అంకెలు మిగిల్చారు. చూడటానికి చప్పగా ఉంది. 15 రోజుల గడువుతో రిజిస్టర్ పోస్టులో వెళ్లింది.

జవాబు వచ్చింది. మేం 32 లక్షలు అడిగితే వాళ్లు తిరిగి మననే 18 లక్షలు అడిగారు: ఫ్లోరింగ్‌లో పగుళ్లకు 11 లక్షలు, ఆలస్యానికి అగ్రిమెంట్ ప్రకారం 5 శాతం, అంటే 6 లక్షల 90 వేలు. ఇంకా కాంక్రీట్ ఎం25 (బలాన్ని బట్టి పెట్టే గ్రేడ్) కాదు, తక్కువ గ్రేడ్ వేశావన్నారు. ఆ మాటకు మాత్రం రెండు రోజులు నిద్రపట్టలేదు. పెనాల్టీ గురించి లాయర్ గారు పెద్దగా టెన్షన్ పడలేదు. అగ్రిమెంట్‌లో రాసిన పెనాల్టీ అంకె గరిష్ఠం మాత్రమే, 74వ సెక్షన్ కింద కోర్టు సమంజసమైనంతే ఇస్తుందని, గుంతలు లోతుకు తవ్వడానికి పట్టిన రోజులు మన ఖాతాలో వెయ్యలేరని చెప్పారు. "మరి పగుళ్లు?" అని నా మొహంలోకి చూశారు.

పగుళ్లు నిజమే. ట్రైమిక్స్ ఫ్లోరింగ్ తెలియనివాళ్ల కోసం చెప్తాను: కాంక్రీట్ పోశాక అది కుంచించుకుపోతుంది, ఎక్కడో ఒకచోట పగలాల్సిందే. అందుకని మనమే ముందుగా, సుమారు ఒక రోజు లోపల, కటింగ్ మిషన్‌తో గాడి కోస్తాం, పగులు ఆ గాడిలోనే పడుతుంది, కంటికి కనపడదు. ఆ జనవరిలో భోగి ముందురోజు రెండు బేలు (ఫ్లోర్‌ని విడగొట్టి పోసే భాగాలు) పోశాం. మిషన్ కుర్రాళ్లు పండక్కి ఊరెళ్లిపోయారు, కనుమ అయ్యాక వచ్చి కోశారు. అప్పటికే కాంక్రీట్ తనకు నచ్చినచోట పగిలింది. ఇది నాకు అప్పుడే తెలుసు. రెండేళ్లు ఎవరికీ చెప్పలేదు, లాయర్‌కి కూడా అప్పుడే చెప్పడం. ఆయన కోప్పడలేదు, "ఒప్పుకోవాల్సింది మనం ఒప్పుకుంటేనే మిగతాది నమ్ముతారు" అన్నారు. నాకు అవతలివాళ్ల ముందు ఒప్పుకోవడానికి ఇంకొన్ని నెలలు పట్టింది.

ఎవరి హక్కులకూ భంగం లేకుండా ఇద్దరం కలిసి సైట్ చూద్దాం, ఖర్చు చెరి సగం అని రెండో లెటర్ రాశారు. ఆశ్చర్యంగా వాళ్లు సరేనన్నారు. ఇద్దరికీ ఇష్టమైన ఒక రిటైర్డ్ ఆర్ అండ్ బీ ఇంజనీర్ గారిని పెట్టుకున్నాం. ఏప్రిల్ ఎండలో, షెడ్డు కింద మిర్చి ఘాటుకు తుమ్ముకుంటూ, ఒకే టేపు ఒక చివర నేను, ఇంకో చివర వాళ్ల మేనేజర్ పట్టుకుని నడిచాం. రెండేళ్లలో ఆ మేనేజర్‌తో అరుచుకోకుండా మాట్లాడింది ఆ రోజే. మొత్తం పదకొండు పగుళ్లు, అందులో ఎనిమిది ఆ రెండు బేల్లోనే. ఎలాగూ మార్చాల్సిన పగిలిన చోట్ల మూడు చోట్ల ఫ్లోర్ కోసి కింద గ్రావెల్ మందం చూశాం: 52, 47, 51 సెంటీమీటర్లు. నేను 60 అని బిల్లు పెట్టాను. రోలర్ తిరిగాక దిగిపోయిందని వాదించబోయాను, ఇంజనీర్ గారు కళ్లజోడు పైనుంచి ఒక చూపు చూశారు, ఊరుకున్నాను. సరాసరి 50 అని ఇద్దరం సంతకం పెట్టాం. దాంతో నా లెక్కలో ఇంకో 1 లక్ష 62 వేలు తగ్గింది, కానీ గ్రావెల్ వేశానన్న సంగతి మీద ఇక తగాదా లేదు. అనుమతి లేదన్న మాట వాళ్లు ఆ తర్వాత గట్టిగా అనలేదు, ఎందుకంటే ఇద్దరం సంతకం చేసిన కాగితంలో ఆ పని కనపడుతోంది.

కాంక్రీట్ బలం చూడటానికి మూడు కోర్లు (ఫ్లోర్‌లోంచి డ్రిల్ చేసి తీసిన ముక్కలు) తీసి ఇంజనీరింగ్ కాలేజీ ల్యాబ్‌కు పంపాం. కాంక్రీట్ పనుల ప్రమాణం ఐఎస్ 456 ప్రకారం కోర్ల సరాసరి బలం అనుకున్న గ్రేడ్‌లో 85 శాతానికి, విడివిడిగా ఏదీ 75 శాతానికి తగ్గకూడదు. ఎం25కి అంటే చదరపు మిల్లీమీటరుకు 21.25, 18.75 న్యూటన్లు. మనవి 22.8, 24.1, 21.6 వచ్చాయి. ఆ రిపోర్టు ఇప్పటికీ నా బండి డిక్కీలో ఒక కాపీ ఉంటుంది.

అయినా డబ్బు రాలేదు. ఇక కేసే అనుకున్నాను, అప్పుడు తెలిసింది నేరుగా వెయ్యలేమని. నిర్మాణ కాంట్రాక్టుల తగాదా 3 లక్షలు దాటితే కమర్షియల్ కోర్టుల చట్టం కిందికి వస్తుంది. అర్జంటుగా స్టే లాంటిది అడిగే అవసరం లేకపోతే 12ఏ సెక్షన్ ప్రకారం ముందు మీడియేషన్‌కు వెళ్లి తీరాలి. అది ఏదో మొక్కుబడి అనుకునేవాళ్లట, 2022 ఆగస్టు 17న సుప్రీంకోర్టు తప్పనిసరి అని తేల్చింది, అది చెయ్యకుండా దావా వేస్తే దావానే తిప్పి కొడతారు. జూన్‌లో కోర్టు ప్రాంగణంలోని జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో ఫారం 1 నింపి, వెయ్యి రూపాయలు కట్టి ఇచ్చాం. మొదటి నోటీస్‌కు వాళ్లు రాలేదు. రెండోది, చివరి నోటీస్ వెళ్లింది. దానికీ రాకపోతే 'నాన్ స్టార్టర్' అని రిపోర్ట్ ఇస్తారు, అది పట్టుకుని కేసు వేసుకోవచ్చు. నేను నిజానికి వాళ్లు రాకూడదనే మొక్కుకున్నాను. వచ్చారు. ఆ సాయంత్రం ఓనర్ ఫోన్: "ఏమయ్యా, కోర్టు కాగితాలు పంపిస్తున్నావంట?" నేను "అవును సార్" అన్నాను, ఇంకేం మాట రాలేదు.

ఫీజు తగాదా మొత్తాన్ని బట్టి ఉంటుంది, మాది 10 నుంచి 50 లక్షల మధ్య కాబట్టి 30 వేలు, చెరి 15. గడువు మూడు నెలలు, ఇద్దరూ ఒప్పుకుంటే ఇంకో రెండు. మీడియేషన్‌లో గడిచిన కాలం లిమిటేషన్‌లో లెక్కకు రాదు, అది విన్నాక కొంచెం ఊపిరి పీల్చుకున్నాను. మీడియేటర్ ఒక లాయర్ మేడమ్. అక్కడ అన్న మాటలు తర్వాత కోర్టులో వాడకూడదని మొదటే చెప్పారు. నాలుగుసార్లు కూర్చున్నాం. మొదటి రెండు సిట్టింగులు పాత తిట్లు తిట్టుకోవడానికే సరిపోయాయి. మూడోసారి మమ్మల్ని విడివిడిగా పిలిచారు. నేను అప్పుడు పండగ సంగతి, గాడి ఆలస్యం సంగతి చెప్పేసి, ఆ రెండు బేలు బాగుచెయ్యడానికి ఇంజనీర్ గారు వేసిన 3 లక్షల 20 వేలు నా బిల్లులోంచి తీసెయ్యమన్నాను. అది వాళ్లకు చెప్పొచ్చా అని మేడమ్ అడిగారు, చెప్పండి అన్నాను. అవతలి గదిలో ఏం జరిగిందో నాకు తెలియదు, కానీ 11 లక్షల మాట ఆ తర్వాత మళ్లీ వినపడలేదు.

నవంబర్‌లో 25 లక్షలకు తెగింది. వడ్డీ వదులుకున్నాను, వాళ్లు పెనాల్టీ వదులుకున్నారు. ఎవరికీ నచ్చలేదు. పది, ఎనిమిది, ఏడు లక్షల చొప్పున మూడు చెక్కులు. సంతకాలకు ముందురోజు మా ఆడిటర్ ఫోన్ చేసి, జీఎస్టీ అదనం అని రాయించుకున్నారా అని అడిగాడు. లేదు. 18 శాతం, అంటే నాలుగున్నర లక్షలు, ఆ ఒక్క లైను లేకపోతే నా నెత్తినే పడేవి. ఇంకో గంట వాదించి ఆ లైను వేయించాం. ఈ సెటిల్‌మెంట్‌కు ఆర్బిట్రేషన్ అవార్డుతో సమానమైన విలువ ఉంటుంది, చెక్కు తిరిగొస్తే మళ్లీ మొదటినుంచి కేసు నడపక్కర్లేదు, నేరుగా అమలుకే వెళ్లొచ్చు. పెద్దమనుషుల పంచాయితీకి, దీనికి నాకు కనపడిన తేడా అదే.

మూడో చెక్కు 2025 మార్చిలో పాసైంది. మెసేజ్ వచ్చినప్పుడు నేను నరసరావుపేట రోడ్డులో ఒక సైట్‌లో ఉన్నాను, గుంత లోతు కొలిపిస్తూ. మళ్లీ ఇంకో పది రోజులకు పాత ఓనర్ నంబర్ నుంచి ఫోన్. "ర్యాంపు దగ్గర నీళ్లు నిలుస్తున్నాయయ్యా, ఓసారి వచ్చి చూసి ఆ స్లోపు సరిచేసి పో, డబ్బులదేముంది, తర్వాత చూసుకుందాం" అన్నాడు.

"తప్పకుండా సార్, ఒక లెటర్ పెట్టండి" అన్నాను.